సీ డ్రైవ్‌లో ఖాళీ ఎటు పోతోంది? ఎందుకు తగ్గుతోంది, ఎందుకు పెరుగుతోంది: తరచుగా అడిగే ప్రశ్నలు

ఈ సమాధానాలన్నీ విండోస్ 10, విండోస్ 11 ఉన్న కంప్యూటర్లకు వర్తిస్తాయి. చివర్లో మ్యాక్ గురించి ఒక ప్రశ్న ఉంది. కమాండ్లను చదవడానికి వీలుగా తెలుగు లిపిలో రాశాం. కంప్యూటర్‌లో మాత్రం వాటిని ఇంగ్లిష్ అక్షరాల్లోనే కొట్టాలి.

నిన్న 42 జీబీ ఖాళీ ఉంది, ఇవాళ 35 చూపిస్తోంది. నేనేమీ కాపీ చేయలేదు, ఇన్‌స్టాల్ చేయలేదు. భయపడాలా?

అక్కర్లేదు. మీరు ఏమీ చేయకపోయినా కంప్యూటర్ ఖాళీగా కూర్చోదు. అప్‌డేట్లు దించుకుంటుంది, మెమరీ చాలనప్పుడు డిస్క్‌ని వాడుకుంటుంది, పాత ఫైళ్ల నకళ్లు దాస్తుంది, బ్రౌజర్ చూసిన ప్రతి బొమ్మనూ పక్కన పెట్టుకుంటుంది. రోజులో ఒకటి రెండు జీబీల హెచ్చుతగ్గులు ఏ కంప్యూటర్‌లోనైనా మామూలే. ఆ చిల్లర లెక్క వెంట పడితే రోజంతా అదే పని అవుతుంది.

పట్టించుకోవాల్సినవి రెండే: ఎంత తగ్గింది, ఏ తీరున తగ్గింది. ఒక్కసారిగా 15 నుంచి 30 జీబీ పోయి అక్కడే ఆగితే, దాదాపు ఎప్పుడూ అది విండోస్ పెద్ద అప్‌డేట్ పనే. పని చేస్తుండగా తగ్గి, రీస్టార్ట్ చేయగానే తిరిగొస్తే పేజ్ ఫైల్ (ర్యామ్ చాలనప్పుడు వాడుకునే డిస్క్ చోటు). కంప్యూటర్‌లో ఉన్న ర్యామ్‌లో సుమారు 40 శాతం మేర పోతే హైబర్నేషన్ ఫైల్ (కంప్యూటర్ ఆపినా తెరిచి ఉన్న పనిని డిస్క్ మీద దాచి ఉంచేది). మెల్లగా తగ్గి తగ్గి, ఉన్నట్టుండి కొన్ని జీబీలు వెనక్కి వచ్చి, మళ్లీ తగ్గడం మొదలైతే రిస్టోర్ పాయింట్లు (ఏదైనా చెడితే విండోస్‌ని పాత స్థితికి తీసుకెళ్లడానికి పెట్టుకునేవి). రోజూ ఒకే లెక్కన, ఆదివారం కూడా వదలకుండా తగ్గుతూ పోతుంటే మాత్రం ఎక్కడో ఒక లాగ్ ఫైల్ (ప్రోగ్రామ్ తన పనుల చిట్టా రాసుకునేది) అదుపు తప్పింది. నిజంగా వెంటనే చూడాల్సింది ఆ చివరి రకాన్నే.

డిలీట్ చేయడం మొదలుపెట్టే ముందు ఏం చేయాలి?

కొలవాలి. ఎక్కువమంది ముందు డౌన్‌లోడ్స్ ఫోల్డర్ తుడిచేసి, తర్వాత కారణం వెతుకుతారు. అప్పటికి ఆధారాలన్నీ చెదిరిపోయి ఉంటాయి.

సీ డ్రైవ్ మీద రైట్ క్లిక్ చేసి ప్రాపర్టీస్ తెరవండి. అక్కడ ఖాళీ స్థలం జీబీల్లోనూ, దాని పక్కనే బైట్లలోనూ కనిపిస్తుంది. బైట్ల అంకెనే తేదీ, సమయంతో సహా రాసుకోండి. జీబీల అంకె కుదించి చూపించేది, చిన్న మార్పులు అందులో తెలియవు. ఉదయం కంప్యూటర్ ఆన్ చేయగానే ఒకసారి, రాత్రి ఆపే ముందు ఒకసారి, నాలుగు రోజులు రాస్తే తీరు దానంతటదే బయటపడుతుంది.

ఏ ఫోల్డర్ ఎంత తింటోందో చూడటానికి సెట్టింగ్స్‌లో సిస్టమ్, అందులో స్టోరేజ్ చాలావరకు సరిపోతుంది. ఇంకా లోతుగా కావాలంటే విజ్‌ట్రీ, ట్రీసైజ్ ఫ్రీ, విన్‌డర్‌స్టాట్ లాంటి ఉచిత ప్రోగ్రామ్‌లు ఉన్నాయి. మా ఓటు విజ్‌ట్రీకి. అది ఫోల్డర్లను ఒక్కొక్కటిగా తెరిచి చూడకుండా, ఎన్‌టీఎఫ్‌ఎస్ ఫైల్ సిస్టమ్ (డిస్క్ మీద ఫైళ్లను విండోస్ అమర్చుకునే పద్ధతి) రాసుకునే చిట్టానే నేరుగా చదువుతుంది కాబట్టి లక్షల ఫైళ్లున్న డ్రైవ్‌ని కూడా కొద్ది సెకన్లలోనే ముందు పెడుతుంది. ఏది వాడినా రన్ యాజ్ అడ్మినిస్ట్రేటర్ అని తెరవాలి. మామూలుగా తెరిస్తే, అనుమతి లేని ఫోల్డర్లను అది లెక్కలోకి తీసుకోదు. మీరు వెతికేది చాలాసార్లు ఆ ఫోల్డర్లలోనే ఉంటుంది. ఇవాళ ఒకసారి, వారం తర్వాత ఒకసారి నడిపి రెండు జాబితాలూ సేవ్ చేసుకుంటే, పక్కపక్కన పెట్టుకుని ఏది పెరిగిందో చూడొచ్చు.

కొత్త 1 టీబీ డిస్క్ కొంటే 931 జీబీ చూపిస్తోంది. షాపువాడు మోసం చేశాడా?

లేదు. తయారీదారు లెక్కలో 1 టీబీ అంటే లక్ష కోట్ల బైట్లు. విండోస్ 1024తో మూడుసార్లు భాగించి, వచ్చినదాన్నే జీబీ అంటుంది. బైట్లు అవే, తూకం రాళ్లు వేరు. అందుకే 256 జీబీ అన్నది 238గా, 512 అన్నది 476గా, 500 అన్నది 465గా కనిపిస్తాయి. మ్యాక్ 2009లో వచ్చిన స్నో లెపర్డ్ నుంచి తయారీదారు లెక్కనే పాటిస్తోంది కాబట్టి, ఒకే డిస్క్ ఆ రెండింటిలో రెండు అంకెలు చూపిస్తుంది. ల్యాప్‌టాప్‌లో వచ్చిన డిస్క్ అయితే రికవరీ పార్టిషన్, ఈఎఫ్ఐ పార్టిషన్ (మరమ్మతుకు, బూట్ కావడానికి విడిగా పెట్టిన డిస్క్ భాగాలు) కూడా ఇందులోంచే కొంత తీసుకుంటాయి.

సీ డ్రైవ్ తెరిచి అన్నీ సెలెక్ట్ చేసి ప్రాపర్టీస్ చూస్తే 112 జీబీ. డ్రైవ్ మాత్రం 150 జీబీ వాడినట్టు చెబుతోంది. ఆ 38 జీబీ ఎక్కడ?

ఎక్కువమంది తల పట్టుకునేది ఇక్కడే. కంట్రోల్, ఏ కొడితే తెరమీద కనిపించేవే సెలెక్ట్ అవుతాయి. కనిపించనివి చాలా ఉన్నాయి. 8 జీబీ ర్యామ్ ఉన్న ఒక ల్యాప్‌టాప్‌లో ఆ లెక్క ఇలా తేలవచ్చు: హైబర్నేషన్ ఫైల్ 3.2 జీబీ, పేజ్ ఫైల్ 9, రిస్టోర్ పాయింట్లు దాచే సిస్టమ్ వాల్యూమ్ ఇన్ఫర్మేషన్ ఫోల్డర్ 12, దాగి ఉండే ప్రోగ్రామ్‌డేటా ఫోల్డర్ 6, రీసైకిల్ బిన్ 5, అదే కంప్యూటర్ వాడే మరొకరి యూజర్ ఫోల్డర్‌లో మీకు తెరుచుకోనివి 2.8. మొత్తం 38.

మీ కంప్యూటర్‌లో వీటిని చూడాలంటే ఫైల్ ఎక్స్‌ప్లోరర్‌లో వ్యూ మెనూ నుంచి హిడెన్ ఐటమ్స్ ఆన్ చేయండి. తర్వాత ఫోల్డర్ ఆప్షన్స్ తెరిచి, వ్యూ ట్యాబ్‌లో "హైడ్ ప్రొటెక్టెడ్ ఆపరేటింగ్ సిస్టమ్ ఫైల్స్" దగ్గర టిక్ తీసేయండి. హెచ్చరిక వస్తుంది, యస్ అనండి. సీ డ్రైవ్ మొదట్లోనే హైబర్‌ఫిల్, పేజ్‌ఫైల్, స్వాప్‌ఫైల్ అనే మూడు ఫైళ్లు ప్రత్యక్షమవుతాయి. పని అయ్యాక ఆ టిక్ మళ్లీ పెట్టేయండి. వాటిని అందరి కంటపడేలా వదిలేస్తే ఏదో ఒక రోజు ఎవరో ఒకరు డిలీట్ చేస్తారు.

ఇందులో ఇంకో చిక్కుంది. విండోస్ ఫోల్డర్‌లో ఒకే ఫైల్ రెండు మూడు చోట్ల రెండు మూడు పేర్లతో కనిపిస్తుంది. వీటిని హార్డ్ లింకులు అంటారు. డిస్క్ మీద ఉన్నది ఒక్కటే, కానీ ఎక్స్‌ప్లోరర్ ఒకే ఓటరు పేరును రెండు జాబితాల్లో చూసినట్టు దాన్ని రెండుసార్లు లెక్కపెడుతుంది. అంటే ఒకవైపు లెక్క తక్కువ వస్తుంది, మరోవైపు ఎక్కువ వస్తుంది. ఈ పద్ధతిలో రెండు అంకెలూ కచ్చితంగా కలవాలని చూడకండి, కలవవు.

పని చేస్తుంటే 6 జీబీ తగ్గింది. రీస్టార్ట్ చేస్తే తిరిగొచ్చింది. ఏమిటిది?

పేజ్ ఫైల్. ర్యామ్ నిండిపోతున్నప్పుడు విండోస్ డిస్క్ మీద కొంత చోటును మెమరీలా వాడుకుంటుంది. సైజును విండోస్‌కే వదిలేస్తే అది ర్యామ్‌కు మూడు రెట్లు లేదా 4 జీబీ, రెండింట్లో ఏది ఎక్కువైతే అంతవరకు పెరగగలదు. కాకపోతే డ్రైవ్ మొత్తం సైజులో ఎనిమిదో వంతు దాటదు. 8 జీబీ ర్యామ్, 238 జీబీ డ్రైవ్ ఉంటే 24 జీబీ దాకా వెళ్లగలదన్నమాట. క్రోమ్‌లో 50 ట్యాబ్‌లు, పక్కన ఫోటోషాప్‌లో పెళ్లి ఆల్బమ్ తెరిచి ఉంటే పెరగక ఏం చేస్తుంది?

షట్‌డౌన్ చేసి ఆన్ చేస్తే సరిపోదు, స్టార్ట్ మెనూలో రీస్టార్ట్ నొక్కండి. ఫాస్ట్ స్టార్టప్ ఆన్‌లో ఉంటే షట్‌డౌన్ అన్నది పూర్తి షట్‌డౌన్ కాదు, సగం నిద్ర.

పేజ్ ఫైల్‌ని పూర్తిగా తీసేయమని కొందరు సలహా ఇస్తారు. వినకండి. మెమరీ అయిపోయిన క్షణంలో సేవ్ చేయని పనితో సహా ప్రోగ్రామ్ మూసుకుపోతుంది. డీ డ్రైవ్‌లో చోటుంటే అక్కడికి మార్చుకోవచ్చు, అంతవరకే.

హైబర్నేషన్ ఫైల్ తీసేయొచ్చా?

తీసేయొచ్చు, నష్టం తెలిసి. ఈ ఫైల్ మామూలుగా ర్యామ్‌లో 40 శాతం ఉంటుంది: 8 జీబీకి 3.2, 16 జీబీకి 6.4, 32 జీబీకి 12.8. కమాండ్ ప్రాంప్ట్‌ని అడ్మినిస్ట్రేటర్‌గా తెరిచి పవర్‌సీఎఫ్‌జీ, స్పేస్, స్లాష్ హెచ్, స్పేస్, ఆఫ్ అని కొడితే ఫైల్ అక్కడికక్కడే మాయమవుతుంది. దాంతోపాటు హైబర్నేట్, ఫాస్ట్ స్టార్టప్ రెండూ పోతాయి. ఎప్పుడూ ప్లగ్‌లోనే ఉండే డెస్క్‌టాప్‌కి నష్టమేమీ లేదు. ల్యాప్‌టాప్‌కి మాత్రం బ్యాటరీ అడుగంటినప్పుడు తెరిచి ఉన్న పనిని కాపాడేది ఇదే. కరెంటు కోతలున్న ఊళ్లో దీన్ని ఉంచుకోవడమే మేలు.

ఆఫ్ చేసిన నెలకో రెండు నెలలకో 3 జీబీ మళ్లీ పోయిందంటే, ఈ ఫైల్ తిరిగొచ్చిందేమో ముందు చూడండి.

నెలలో రెండో వారం వచ్చిందంటే ఖాళీ తగ్గుతోంది. కాకతాళీయమా?

కాదు. మైక్రోసాఫ్ట్ ప్రతి నెలా రెండో మంగళవారం భద్రతా అప్‌డేట్లు విడుదల చేస్తుంది. విండోస్ 10కి మామూలు మద్దతు మాత్రం 2025 అక్టోబర్‌లో ముగిసింది. విడుదల సమయం అమెరికా పశ్చిమ తీరంలో ఉదయం 10 గంటలు, అంటే మనకు రాత్రి 10:30, వాళ్ల చలికాలంలో 11:30. కాబట్టి హైదరాబాద్‌లోనో విజయవాడలోనో ఉన్నవాళ్లకు ఆ తగ్గుదల చాలావరకు బుధవారం కనిపిస్తుంది, డాలస్‌లో ఉన్నవాళ్లకు మంగళవారమే.

అప్‌డేట్ మొదట విండోస్ ఫోల్డర్‌లోని సాఫ్ట్‌వేర్‌డిస్ట్రిబ్యూషన్‌లోకి దిగుతుంది, ఇన్‌స్టాల్ అయ్యాక కొత్త ఫైళ్లు అక్కడే ఉన్న విన్‌ఎస్‌ఎక్స్‌ఎస్ అనే ఫోల్డర్‌లో చేరతాయి, పాతవీ కొంతకాలం అక్కడే ఉంటాయి. అప్‌డేట్ నచ్చకపోతే వెనక్కి తీయడానికి ఆ పాతవి కావాలి. దాదాపు 30 రోజులు గడిచాక విండోస్ తనంతట తనే వాటిని ఊడ్చేస్తుంది. అంటే ఈ నెల పోయినదాంట్లో కొంత వచ్చే నెల తిరిగొస్తుంది.

విండోస్ 11కి ఏడాదికోసారి వచ్చే పెద్ద అప్‌డేట్ వేరు. అది పాత విండోస్ మొత్తాన్ని విండోస్.ఓల్డ్ అనే ఫోల్డర్‌లో పెడుతుంది. 10 రోజుల తర్వాత అదే పోతుంది. తొందరైతే సెట్టింగ్స్‌లో సిస్టమ్, స్టోరేజ్, టెంపరరీ ఫైల్స్ తెరిచి "ప్రీవియస్ విండోస్ ఇన్‌స్టలేషన్" టిక్ చేసి తీసేయొచ్చు. తీసేశాక పాత వెర్షన్‌కి వెళ్లే దారి మూసుకుపోతుంది కాబట్టి ప్రింటర్, స్కానర్, టాలీ, వేలిముద్ర యంత్రం అన్నీ సరిగా పనిచేస్తున్నాయని చూసుకున్నాకే ఆ పని చేయండి. ఆ జాబితాలోనే డౌన్‌లోడ్స్ కూడా ఒక వరుసగా ఉంటుంది. దాని పక్కన టిక్ ఉందో లేదో చూడకుండా రిమూవ్ నొక్కొద్దు. అందులో మీరు దించుకున్న ఆధార్, బ్యాంకు స్టేట్‌మెంట్లు అన్నీ ఉంటాయి.

2019లో వచ్చిన విండోస్ 10 1903 వెర్షన్ నుంచి కొత్తగా ఇన్‌స్టాల్ చేసిన విండోస్ అప్‌డేట్ల కోసం సుమారు 7 జీబీని రిజర్వ్‌డ్ స్టోరేజ్ పేరుతో ముందే పక్కన పెట్టుకుంటోంది. ఖాళీలో అది కనబడదు. దాన్ని కదిలించకండి.

విన్‌ఎస్‌ఎక్స్‌ఎస్ ఫోల్డర్ 11 జీబీ ఉంది. డిలీట్ చేస్తే?

విండోస్ బూట్ కాకపోవచ్చు. పైన చెప్పిన హార్డ్ లింకుల వల్ల ఆ 11లో చాలా భాగం ఉత్త లెక్క మాత్రమే. అసలు సైజు కావాలంటే అడ్మినిస్ట్రేటర్ కమాండ్ ప్రాంప్ట్‌లో డీఐఎస్‌ఎమ్, స్పేస్, స్లాష్ ఆన్‌లైన్, స్పేస్, స్లాష్ క్లీనప్ హైఫన్ ఇమేజ్, స్పేస్, స్లాష్ అనలైజ్‌కాంపొనెంట్‌స్టోర్ అని కొట్టండి. ఎక్స్‌ప్లోరర్ చూపే సైజు, అసలు సైజు రెండూ చెప్పి, శుభ్రం చేయడం అవసరమా కాదా అన్నది కూడా చెబుతుంది. అవసరమంటే చివరి మాట స్థానంలో స్టార్ట్‌కాంపొనెంట్‌క్లీనప్ కొడితే చాలు. రీసెట్‌బేస్ అనే మరో మాట చేర్చమని సలహాలు కనిపిస్తాయి. చేరిస్తే అప్పటికే ఇన్‌స్టాల్ అయిన అప్‌డేట్లను ఇక తీసేయలేరు. అంత కరువు లేకపోతే వద్దు.

40 జీబీ వీడియో డిలీట్ చేశాను, ఖాళీ పెరిగింది. తర్వాత 20 జీబీ కాపీ చేస్తే 40 దాకా తగ్గింది. ఇదేం లెక్క?

రిస్టోర్ పాయింట్ ఉన్న డ్రైవ్‌లో ఇలా జరగొచ్చు. రిస్టోర్ పాయింట్ పెట్టిన క్షణంలో డిస్క్ మొత్తాన్ని కాపీ చేయరు. "ఈ క్షణానికి ఏ చోట ఏముందో గుర్తుంచుకో" అని మాత్రం చెబుతారు. ఆ తర్వాత ఏ చోట కొత్త సమాచారం రాయబోయినా, అక్కడున్న పాతదాన్ని ముందు సిస్టమ్ వాల్యూమ్ ఇన్ఫర్మేషన్‌లోకి మార్చి, అప్పుడు కొత్తది రాస్తారు.

మీ వీడియో పోయింది కానీ దాని బైట్లు ఉన్నచోటే ఉన్నాయి. వాటి మీద 20 జీబీ కొత్తది పడేటప్పుడు, కింద ఉన్న 20 జీబీ పాతది దాచుకునే చోటికి వెళ్లింది. కొత్తది 20, దాచింది 20. దాచడానికి ఇచ్చిన గరిష్ఠ పరిమితి నిండగానే అన్నిటికన్నా పాత రిస్టోర్ పాయింట్ రాలిపోతుంది. అప్పుడు ఎవరూ ఏమీ చేయకుండానే ఖాళీ ఒక్కసారి పెరుగుతుంది. హార్డ్ డిస్క్‌ని డీఫ్రాగ్ చేసినా ఈ దాచిన చోటు ఉబ్బుతుంది, ఎందుకంటే డీఫ్రాగ్ అంటేనే బైట్లను చోటు మార్చడం.

ఎంత వాడుతోందో చూడటానికి స్టార్ట్ మెనూలో క్రియేట్ ఎ రిస్టోర్ పాయింట్ అని వెతికి, సిస్టమ్ ప్రొటెక్షన్ ట్యాబ్‌లో సీ డ్రైవ్ ఎంచుకుని కాన్ఫిగర్ నొక్కండి. కరెంట్ యూసేజ్ అక్కడే ఉంటుంది, కింద మ్యాక్స్ యూసేజ్ స్లైడర్ ఉంటుంది. 256 జీబీ డ్రైవ్‌కి 3 నుంచి 5 శాతం మా దృష్టిలో చాలు. పూర్తిగా ఆపేయడం మాత్రం తెలివైన పని కాదు. చెడిపోయిన డ్రైవర్ ఒక్కటి చాలు, దీని విలువ తెలియడానికి.

డిలీట్ చేశాను, ఖాళీ అసలు పెరగలేదు. ఎందుకు?

ముందు రీసైకిల్ బిన్. అందులో ఉన్నంతసేపు బైట్లు ఎక్కడికీ పోలేదు. బిన్ ప్రతి యూజర్‌కి, ప్రతి డ్రైవ్‌కి వేరు. మీరు మీది ఖాళీ చేసినా, అదే కంప్యూటర్‌లో మీ తమ్ముడి అకౌంట్ బిన్‌లో 20 జీబీ సినిమాలు ఉండొచ్చు.

అది కాకపోతే, ఆ ఫైల్‌ని ఏదో ఒక ప్రోగ్రామ్ ఇంకా పట్టుకుని ఉండొచ్చు. అద్దెకున్నవాళ్లు సామాను సర్దేసినా తాళంచెవి ఇవ్వనట్టు, పేరు కనిపించకపోయినా ప్రోగ్రామ్ మూసేవరకు చోటు మీ చేతికి రాదు. రీస్టార్ట్ దీనికి మందు.

కొన్ని ఫైళ్లు లోపల ఖాళీ అయినా పైకి చిక్కిపోవు. అవుట్‌లుక్ మెయిళ్లు దాచే పీఎస్‌టీ ఫైల్‌లో వెయ్యి మెయిళ్లు తీసేసినా ఫైల్ సైజు అంతే ఉంటుంది. అకౌంట్ సెట్టింగ్స్‌లో డేటా ఫైల్స్ ట్యాబ్, అందులో ఆ ఫైల్ సెట్టింగ్స్, కాంపాక్ట్ నౌ నొక్కాలి. వర్చువల్ మెషీన్ డిస్క్ ఫైళ్లు, డాకర్, డబ్ల్యూఎస్ఎల్ (విండోస్‌లో లినక్స్ నడిపేది) వాడే ప్రోగ్రామర్లకూ ఇదే తలనొప్పి: లోపల 30 జీబీ తుడిచినా బయట వీహెచ్‌డీఎక్స్ (వర్చువల్ డిస్క్) ఫైల్ పెరిగిన సైజులోనే ఉండిపోతుంది, విడిగా కుదించాలి.

వన్‌డ్రైవ్‌లో నీలం మబ్బు గుర్తున్న ఫైల్ డిలీట్ చేసినా ఏమీ రాదు. అది మీ డిస్క్ మీద లేనే లేదు, ఉన్నది పేరే.

రోజూ 1, 2 జీబీ చొప్పున తగ్గుతూనే ఉంది. ఆగడం లేదు.

దీన్ని వాయిదా వేయకండి. విజ్‌ట్రీ తెరిచి సైజు ప్రకారం ఫైళ్ల జాబితా చూడండి. లేదంటే ఎక్స్‌ప్లోరర్ సెర్చ్ పెట్టెలో సైజ్, కోలన్, గ్రేటర్ దాన్ గుర్తు, 1జీబీ అని కొట్టి, వచ్చినవాటిని తేదీ ప్రకారం అమర్చండి. ఇవాళ్టి తేదీ ఉన్న పెద్ద ఫైలే ముద్దాయి.

పేరుమోసిన ఒక కేసును దగ్గరగా చూద్దాం. విండోస్ ఫోల్డర్‌లోని టెంప్‌లో క్యాబ్, అండర్‌స్కోర్, అంకెలు అనే తరహా పేర్లతో సుమారు 100 ఎంబీ ఫైళ్లు వందల కొద్దీ పేరుకుపోతాయి. అన్నీ డిలీట్ చేస్తే మర్నాటికి మళ్లీ మొలుస్తాయి. దీని మూలం ఇంకో చోట ఉంది: విండోస్‌లో లాగ్స్, అందులో సీబీఎస్. అప్‌డేట్ల సంగతులు రాసుకునే సీబీఎస్ లాగ్ పెద్దదైతే విండోస్ దాని పేరును సీబీఎస్‌పర్సిస్ట్‌గా మార్చి, మేక్‌క్యాబ్ అనే పనిముట్టుతో కుదిస్తుంది. మేక్‌క్యాబ్ 2 జీబీ మించిన ఫైల్‌ని మింగలేదు. లాగ్ ఆ హద్దు దాటిందంటే పని మధ్యలో ఆగిపోతుంది, సగం తయారైన ముక్క టెంప్‌లో మిగిలిపోతుంది. కొంతసేపటికి మళ్లీ ప్రయత్నం, మళ్లీ విఫలం, మళ్లీ ఒక ముక్క. టెంప్ ఎన్నిసార్లు ఊడ్చినా లాభం లేదు. సర్వీసెస్‌లో విండోస్ మాడ్యూల్స్ ఇన్‌స్టాలర్‌ని ఆపి, 2 జీబీ దాటిన ఆ లాగ్‌ని తీసేసి, అప్పుడు టెంప్‌లోని ముక్కలు తుడిచి, రీస్టార్ట్ చేయాలి. ఆ వరసలోనే చేయాలి.

మిగతా అనుమానితులు: పదేపదే బ్లూ స్క్రీన్ వచ్చే కంప్యూటర్‌లో మెమరీ డంప్ ఫైళ్లు, అదుపు తప్పిన సెర్చ్ ఇండెక్స్, వీడియో ఎడిటింగ్ ప్రోగ్రామ్‌ల మీడియా క్యాష్, మధ్యలో క్రాష్ అయిన ఫోటోషాప్ వదిలేసిన టెంప్ ఫైళ్లు. ఆల్బమ్ పని చేసే స్టూడియోల్లో పెళ్లిళ్ల సీజన్ అయ్యేసరికి ఈ చివరిది చాలా పెద్దదవుతుంది. ఫోటోషాప్ మూసి ఉన్నప్పుడు ఫోటోషాప్ టెంప్ పేరుతో ఉన్న ఫైళ్లన్నీ తీసేయొచ్చు, తెరిచి ఉన్నప్పుడు ముట్టుకోవద్దు. ఇళ్లల్లో అయితే వాట్సాప్ డెస్క్‌టాప్. ఇరవై గ్రూపుల శుభోదయాలు, వీడియోలు యాప్‌డేటాలోని లోకల్, ప్యాకేజెస్ కింద వాట్సాప్ పేరున్న ఫోల్డర్‌లో గుట్టగా పడుతుంటాయి. ఆటో డౌన్‌లోడ్ ఆపితే అక్కడికి ఆగుతుంది. ఐఫోన్‌ని కంప్యూటర్‌లోకి బ్యాకప్ తీసే అలవాటుంటే మొబైల్‌సింక్ ఫోల్డర్ కూడా చూడండి, ఒక్కో ఫోన్‌కి పదుల జీబీ ఉండొచ్చు.

ఉన్నట్టుండి ఖాళీ 25 జీబీ పెరిగింది. నా ఫైళ్లేమైనా గల్లంతయ్యాయా?

చాలావరకు లేదు. 10 రోజులు నిండిన విండోస్.ఓల్డ్ పోయి ఉంటుంది, లేదా పాత రిస్టోర్ పాయింట్లు రాలిపోయి ఉంటాయి. చోటును తనంతట తనే శుభ్రం చేసే స్టోరేజ్ సెన్స్ ఆన్‌లో ఉంటే రీసైకిల్ బిన్‌లో 30 రోజులు దాటినవాటిని తుడుస్తుంది, కొంతకాలంగా తెరవని వన్‌డ్రైవ్ ఫైళ్లను డిస్క్ మీంచి తీసి మబ్బు గుర్తుగా మార్చగలదు. ఈ రెండోది జరిగితే ఫైళ్లు భద్రమే, కానీ నెట్ లేని చోట తెరుచుకోవు. ఊరెళ్లే ముందు కావాల్సిన ఫోల్డర్ మీద రైట్ క్లిక్ చేసి ఆల్వేస్ కీప్ ఆన్ దిస్ డివైస్ ఎంచుకోండి.

రీసైకిల్ బిన్‌ని గోదాములా వాడే అలవాటున్నవాళ్లకు మాత్రం ఇది నిజమైన నష్టమే.

ప్రాపర్టీస్‌లో సైజ్ ఒకటి, సైజ్ ఆన్ డిస్క్ మరొకటి ఎందుకు?

డిస్క్ చోటును గదులుగా ఇస్తుంది. గదిలో సగమే నిండినా గది మొత్తం మీ ఖాతాలోకే. ఎన్‌టీఎఫ్‌ఎస్‌లో గది మామూలుగా 4 కేబీ. పెద్ద పెన్‌డ్రైవ్‌ని ఎక్స్‌ఫ్యాట్ అనే మరో ఫైల్ సిస్టమ్‌లో ఫార్మాట్ చేస్తే గది 128 కేబీ. 2 కేబీ ఉన్న 10,000 ఫైళ్లు నిజానికి 20 ఎంబీ. ఎన్‌టీఎఫ్‌ఎస్‌లో 40 ఎంబీ తీసుకుంటాయి, ఆ పెన్‌డ్రైవ్‌లో 1.2 జీబీ. చిన్న ఫైళ్లు కుప్పలుగా ఉంటే జిప్ చేసి కాపీ చేయండి. స్పేస్ మిగులుతుంది, కాపీ కూడా ఎన్నో రెట్లు త్వరగా అవుతుంది.

వైరస్ అయి ఉంటుందా? డిస్క్ పాడవుతోందా?

వైరస్ అయ్యే అవకాశం ఉంది కానీ, జాబితాలో చివరన. ఇప్పటి మాల్వేర్‌కి మీ డిస్క్ నింపడం వల్ల లాభం లేదు, దొరక్కుండా ఉండటమే దానికి లాభం. విండోస్ డిఫెండర్‌తో ఒకసారి ఫుల్ స్కాన్ చేసి తేలిగ్గా ఉండండి. "మీ పీసీ నిండిపోయింది, ఇప్పుడే శుభ్రం చేయండి" అని బ్రౌజర్‌లో ఎగిరే ప్రకటనలు నొక్కడమే అసలు ప్రమాదం.

డిస్క్ పాడవడం వల్ల ఖాళీ పదుల జీబీ తగ్గదు. డిస్క్‌ని పరీక్షించే చెక్‌డిస్క్ నడిపితే చివర్లో బ్యాడ్ సెక్టార్ల (పాడైన చోట్ల) వరుసలో ఎన్ని కేబీలో చెబుతుంది. అది సున్నా కాకపోతే ఖాళీ సంగతి పక్కన పెట్టి ముందు బ్యాకప్ తీయండి.

మ్యాక్‌లో ఫైండర్ ఒక అంకె, డిస్క్ యుటిలిటీ ఇంకో అంకె చూపిస్తున్నాయి.

ఫైండర్ చూపే అవైలబుల్‌లో పర్జబుల్ కూడా కలిసి ఉంటుంది. అవసరమైతే మ్యాక్ తీసేయగల చోటన్నమాట. మ్యాక్ బ్యాకప్ ప్రోగ్రామ్ టైమ్ మెషీన్ వాడుతుంటే, అది ఏపీఎఫ్ఎస్ (మ్యాక్ ఫైల్ సిస్టమ్) డిస్క్ మీదే లోకల్ స్నాప్‌షాట్లు, అంటే ఆ క్షణపు స్థితి గుర్తులు, పెడుతుంది, సాధారణంగా 24 గంటలు ఉంచుతుంది. అందుకే ఇవాళ డిలీట్ చేసిన పెద్ద వీడియో చోటు రేపు వస్తుంది. డిస్క్ యుటిలిటీ వ్యూ మెనూలో షో ఏపీఎఫ్ఎస్ స్నాప్‌షాట్స్ నొక్కితే జాబితా కనిపిస్తుంది.

ఎప్పుడూ ఎంత ఖాళీ ఉంచాలి?

శాతాల కంటే జీబీల్లో ఆలోచించడం మంచిది. పెద్ద అప్‌డేట్‌కి 20 జీబీ దాకా కావచ్చు, పేజ్ ఫైల్ పెరగడానికి ఇంకొంత. సీ డ్రైవ్ 128 జీబీ అయినా, 1 టీబీ అయినా 25 జీబీ వదిలేస్తే సుఖం. 10 కంటే తగ్గితే అప్‌డేట్లు మధ్యలో ఆగిపోవడం మొదలవుతుంది. 1 కంటే తగ్గితే పేజ్ ఫైల్ పెరగలేక ప్రోగ్రామ్‌లు వాటంతటవే మూసుకుపోతాయి, వర్డ్‌లో సేవ్ నొక్కినా సేవ్ కాదు.

అంతదాకా వచ్చేసి, ఇప్పుడే 5 జీబీ కావాలంటే వరస ఇది: రీస్టార్ట్, రీసైకిల్ బిన్, టెంపరరీ ఫైల్స్‌లో డౌన్‌లోడ్స్ టిక్ లేకుండా మిగతావి, ఆ తర్వాత డౌన్‌లోడ్స్‌లోని పెద్ద సెటప్ ఫైళ్లు డీ డ్రైవ్‌కి లేదా బయటి డిస్క్‌కి. అక్కడితో ఊపిరి పీల్చుకునే జాగా వస్తుంది. ప్రోగ్రామ్ ఫైల్స్, విండోస్, ప్రోగ్రామ్‌డేటా ఫోల్డర్లలో ఏదైనా చేత్తో డిలీట్ చేయాలనిపిస్తే, దాని పేరు, సైజు, తేదీ ఒక కాగితం మీద రాసుకుని మర్నాడు చూడండి.